కెమెరా ముందు మొదటిసారి నిలబడబోయే సిక్కోలు పిల్లలకి

నువ్వు ఎక్కడా యాక్టింగ్ నేర్చుకోలేదు. కాలేజీ వార్షికోత్సవంలో డాన్సు చేసి ఉంటావేమో, అంతే. ఎవరో డైరెక్టర్ మీ వైపు వచ్చి, బస్టాండులోనో వలల దగ్గరో నిన్ను చూసి, నాలుగు మాటలు మాట్లాడించి, ఫోన్‌లో వీడియో తీసుకుని వెళ్ళాడు. కొన్నాళ్ళకి ఫోన్ చేసి మెయిన్ క్యారెక్టర్ నువ్వే అన్నాడు. ఆ సినిమాలో పాటల్లేవు, ఫైట్లు లేవు, పేరున్న హీరో లేడు. ఊళ్ళోవాళ్ళు అదేం సినిమా అంటున్నారు. అమ్మకి భయం, నీకు టెన్షన్.

ఇలాంటి పిల్లల పక్కన కూర్చోవడమే నా పని. మాది గార మండలం. ఆంధ్రా యూనివర్సిటీలో థియేటర్ ఆర్ట్స్ చదివాను. ఇప్పుడు శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో తీసే చిన్న సినిమాలకి రిహార్సల్స్ చేయిస్తాను, యాస చూస్తాను, షూటింగ్ రోజుల్లో కొత్తవాళ్ళ తిండీ నిద్రా కూడా చూస్తాను. యూనిట్‌లో పిల్లలంతా నన్ను అప్పా అంటారు, మన వైపు అప్ప అంటే అక్క. ఆ చనువుతోనే నిన్ను నువ్వు అంటున్నాను.

కొత్తగా వచ్చిన ఎవరికైనా నేను మొదట చెప్పేది ఒకటే. షూటింగుకి ఇంకా ఉన్న ఈ కొద్ది రోజుల్లో యాక్టింగ్ నేర్చేసుకోవాలని చూడకు, సెట్టు ఎలా నడుస్తుందో నేర్చుకో. నీ నడక, నీ మాట, నీ చేతులు చూసి నిన్ను తీసుకున్నారు. అక్కడ ఎవరు ఏం చేస్తారో, ఏ మాటకి అర్థం ఏమిటో తెలియకపోతే ఒళ్ళు బిగుసుకుపోతుంది. బిగుసుకుపోయాక ఆ నడక ఉండదు, ఆ మాటా ఉండదు. సెట్టు అలవాటైతే నువ్వు నీలాగే ఉంటావు. ఈ రాసేదంతా దాని కోసమే.

ఒప్పుకునే ముందు

వేషం ఇస్తామని డబ్బు అడిగితే అక్కడితో మాటలు ఆపెయ్యి. ఆర్టిస్ట్ కార్డు, రిజిస్ట్రేషన్, ఫోటోషూట్, ఏ పేరు పెట్టినా సరే. నిన్ను తీసుకున్నవాళ్ళు నీకు ఇవ్వాలి, నీ దగ్గర పుచ్చుకోకూడదు. డైరెక్టర్ ఇంతకుముందు తీసిన షార్ట్ ఫిల్మ్ ఉంటే చూపించమను. నిర్మాత ఎవరో అడుగు. బడ్జెట్ చిన్నదైతే తప్పేం లేదు. వివరాలు దాచేవాళ్ళతో మాత్రం పని పెట్టుకోకు.

తర్వాత, మీ అమ్మానాన్నల ఎదురుగా కథ మొత్తం చెప్పించుకో. ఆర్ట్ సినిమాల్లో కులం, ఆకలి, అప్పు, ఆడపిల్ల మీద దౌర్జన్యం లాంటి విషయాలు సూటిగా వస్తాయి. అవి రావాలి కూడా, అందుకే నాకు ఈ సినిమాలంటే ఇష్టం. కానీ నీ పాత్రని ఎవరు కొడతారు, ఎవరు ముట్టుకుంటారు, ఏ సీన్లో ఏం వేసుకోవాలి, నీళ్ళలోకి దిగాలా, ఇవన్నీ సంతకానికి ముందే మీ ఇంట్లో తెలియాలి. వద్దనిపించిన సీన్ ఉంటే అప్పుడే వద్దను. మంచి డైరెక్టర్ అయితే దాన్ని వేరేగా ఎలా తీయాలో ఆలోచిస్తాడు. సెట్టులో యాభైమంది చూస్తుండగా వద్దనడం పెద్ద నటులకే కష్టం, నీకు ఇంకా కష్టం.

అగ్రిమెంటు తెలుగులో రాయించుకో. ఏ తేదీ నుంచి ఏ తేదీ వరకు, మొత్తం ఎంత, ఏ విడతలో ఎంత, చార్జీలు, భోజనం, బస ఎవరివి, దెబ్బ తగిలితే ఆసుపత్రి ఖర్చు ఎవరిది, డబ్బింగుకి మళ్ళీ పిలిస్తే విడిగా ఇస్తారా, టైటిల్స్‌లో పేరు ఉంటుందా. లాభాలొస్తే వాటా ఇస్తామన్న మాటని లెక్కలోకి తీసుకోకు. లాభం వచ్చినా రాకపోయినా చేతికి అందే మొత్తం ఒకటి కాగితం మీద ఉండాలి. పద్దెనిమిది నిండకపోతే నీ తరఫున అమ్మానాన్నలు సంతకం పెడతారు.

పద్నాలుగేళ్ళ లోపు పిల్లలైతే చట్టం గట్టిగానే ఉంది. బాల కార్మిక చట్టాన్ని 2016లో సవరించారు, దానికి 2017లో నిబంధనలు వచ్చాయి. వాటి ప్రకారం షూటింగ్ జరిగే జిల్లా కలెక్టర్ దగ్గర నిర్మాత ముందుగా అనుమతి తీసుకోవాలి, అమ్మానాన్నల అంగీకారం జతచేయాలి. రోజుకి ఐదు గంటలకి మించి పని చేయించకూడదు, విరామం లేకుండా మూడు గంటలు దాటకూడదు. వరసగా 27 రోజులకి మించి పనిలో పెట్టకూడదు. చదువు ఆగకుండా ఏర్పాటు చేయాలి. ఐదుగురు పిల్లలకి ఒకరు చొప్పున బాధ్యత తీసుకునే మనిషి ఉండాలి. పిల్లవాడి సంపాదనలో కనీసం 20 శాతం వాడి పేరునే జాతీయ బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ వేయాలి, పెద్దయ్యాక వాడికే అందాలి. వీటన్నిటికంటే ముఖ్యమైన మాట కూడా అందులోనే ఉంది. పిల్లలకి ఇష్టం లేకుండా ఏదీ చేయించకూడదు. మన ఊళ్ళలో ఈ సంగతి చాలామందికి తెలియదు. నేను వెళ్ళిన ప్రతి ఇంట్లో ముందు ఇదే చదివి వినిపిస్తాను.

ఆడపిల్లవైతే మొదటి రోజు నుంచి చివరి రోజు దాకా మీ ఇంటి మనిషి ఒకరు నీతో ఉండాలి, వాళ్ళ ఖర్చు కూడా నిర్మాతదే అని రాయించుకో. పదిమంది లేదా అంతకంటే ఎక్కువమంది పనిచేసే చోట వేధింపుల ఫిర్యాదులకి అంతర్గత కమిటీ ఉండాలని 2013 చట్టం చెబుతోంది. సినిమా యూనిట్‌లో పదిమంది ఎప్పుడూ ఉంటారు. కమిటీలో ఎవరున్నారు, ఫోన్ నంబర్ ఏమిటి అని అడిగితే ఎవరూ తప్పు పట్టకూడదు. తప్పు పట్టారంటే ఆ సినిమా గురించి నీకు తెలియాల్సింది తెలిసినట్టే.

నీ ముఖం, నీ మాట

సినిమా అనగానే అందరూ చేసే మొదటి పని బ్యూటీ పార్లర్‌కి వెళ్ళడం. దయచేసి వెళ్ళకు. సోంపేట వైపు ఒక అమ్మాయి షూటింగుకి వారం ముందు కనుబొమలు తీర్చుకుని వచ్చింది. కథలో ఆమె జీడిపిక్కలు కాల్చి కొట్టే కూలీ. కనుబొమలు తిరిగి పెరిగేదాకా ఆమె క్లోజప్పులు ఆపేశారు. ఫేస్ క్రీములు, జిమ్ము, కొత్త హెయిర్ కటింగు, గోళ్ళరంగు, ఏదీ వద్దు. ఎండకి కమిలిన మెడ, తాళ్ళు లాగి కాయలు కాసిన చేతులు, పళ్ళ మధ్య సందు, వీటి కోసమే డైరెక్టర్ అంత దూరం నుంచి వచ్చాడు. ఏ మార్పు చేయాలన్నా అతన్ని అడిగి చెయ్యి.

మాట సంగతి ఇంకా ముఖ్యం. మనవాళ్ళు మైకు చూడగానే టీవీ తెలుగు మాట్లాడతారు. నువ్వు ఇంట్లో "ఏటలా సూత్తన్నావు?" అని అడుగుతావు. స్క్రిప్టులో "ఎందుకు అలా చూస్తున్నావు?" అని ఉంటుంది. అది రాసినవాళ్ళకి మన మాట తెలియక అలా రాసి ఉంటారు. స్క్రిప్టు కాగితం చేతికి రాగానే ఒక పెన్సిల్ తీసుకుని ప్రతి డైలాగు పక్కనా అదే మాట మీ ఇంట్లో ఎలా అంటారో రాసుకో. "నేను వెళ్ళను" అని ఉంటే "నానెల్లను" అని రాసుకో. తర్వాత డైరెక్టర్ దగ్గర కూర్చుని రెండూ చదివి వినిపించు. నూటికి తొంభై చోట్ల నీ మాటే ఉంచుతారు. అయితే ఒకటి చూసుకో. గార మాట వేరు, ఉద్దానం మాట వేరు, విజయనగరం టౌన్ మాట ఇంకా వేరు. కథ జరిగే ఊరు ఏదో కనుక్కుని, ఆ ఊళ్ళో ఒక ముసలమ్మ దగ్గర కాసేపు కూర్చుని విను. మరీ కామెడీ సినిమాల్లో మన యాసని సాగదీసి పలికినట్టు మాత్రం పలకకు. ఆ పలుకు మన ఊళ్ళలో ఎవరూ మాట్లాడరు, దాన్ని తెర మీద వింటే నాకు ఇప్పటికీ బాధగానే ఉంటుంది.

2018లో వచ్చిన కేరాఫ్ కంచరపాలెంలో నటించినవాళ్ళలో ఎక్కువమంది విశాఖలోని ఆ పేటవాళ్ళే. అంతకుముందు కెమెరా ముందు నిలబడినవాళ్ళు కాదు. వాళ్ళ మాటలు షూటింగ్ చేస్తుండగానే రికార్డు చేశారు. ఆ సినిమా వచ్చాక మన వైపు యాసని మార్చమని చెప్పే డైరెక్టర్లు తగ్గారు.

రిహార్సల్స్

చిన్న సినిమాకి ఉండే పెద్ద ఆస్తి ఇదే. పెద్ద నటులు ఇవ్వలేని సమయం నువ్వు ఇవ్వగలవు. రజనేష్ దోమల్‌పల్లి వనజ అనే సినిమా తీశాడు. కొలంబియా యూనివర్సిటీలో చదువుకుంటూ తన థీసిస్ కోసం తీసిన సినిమా అది. అందులో ప్రధాన పాత్ర చేసిన మమత భూక్య అప్పటికి బడిపిల్ల, నటన తెలియదు. కథలో పిల్ల కూచిపూడి నేర్చుకుంటుంది కాబట్టి ఆ అమ్మాయి నిజంగానే నెలల తరబడి కూచిపూడి నేర్చుకుంది. ఆ సినిమాకి 2007లో బెర్లిన్ ఫెస్టివల్‌లో తొలి చిత్రానికి ఇచ్చే అవార్డు వచ్చింది. ఆ పిల్ల కాళ్ళు తెర మీద అబద్ధం చెప్పవు, అంత సాధన ఉంది వాటిలో.

అందుకని మొదట పాత్ర చేసే పని నేర్చుకో, డైలాగులు తర్వాత. పాత్ర వల అల్లితే వల అల్లడం, మేకలు కాస్తే మేకల వెంట తిరగడం. ఒక సినిమాలో నూలు వడికే ఇంటి పిల్ల పాత్ర ఉంది. ఆ వేషానికి తీసుకున్న అమ్మాయిని పొందూరు తీసుకెళ్ళి వడికే ఆడవాళ్ళ పక్కన కూర్చోబెట్టాను. అక్కడ వాలుగ చేప దవడతో పత్తిని ఏకుతారు. ఆ దవడని ఎంత ఒత్తాలో, పత్తి ఎప్పుడు వదలాలో చేతికి తెలియడానికి చాలా రోజులు పట్టింది. తెలిసిన రోజు నుంచి ఆమెకి డైలాగు గురించి బెంగ పోయింది. చేతుల్లో నిజమైన పని ఉంటే మాట దానంతట అదే సర్దుకుంటుంది, కళ్ళు ఎక్కడ పెట్టాలి అన్న సందేహం రాదు.

డైలాగులు పాఠంలా బట్టీ పట్టకు. బట్టీ పడితే ఒక రాగం వస్తుంది, ఆ రాగం తర్వాత ఎవరూ మాన్పించలేరు. అంట్లు తోముతూ, నీళ్ళు మోస్తూ, చేపలు కోస్తూ చెప్పుకో. ప్రతిసారీ వేరే పని చేస్తూ చెప్పు. ఎదుటివాళ్ళ మాటలు కూడా చదువుకో, ఎందుకంటే సీన్లో నీ పని సగం వినడమే. రిహార్సల్లో నేను పిల్లల చేత చేయించే ఒక ఆట ఉంది. ఎదుటివాళ్ళు చెప్పింది నిజంగా వినపడి, దానికి జవాబు చెప్పాలనిపించేదాకా నోరు తెరవకూడదు. మొదట్లో సీన్ చాలా నెమ్మదిగా సాగుతుంది. కొన్నాళ్ళకి మాటకీ మాటకీ మధ్య ఉండాల్సిన ఖాళీ ఎంతో పిల్లలకే తెలిసిపోతుంది.

మన రెండు జిల్లాల్లో నాటకం బలంగా ఉంది. పరిషత్తు నాటకాలు ఆడినవాళ్ళు, పౌరాణిక పద్యాలు పాడినవాళ్ళు, తప్పెటగుళ్ళ బృందాల్లో చిందు వేసినవాళ్ళు చాలామంది వస్తారు. నువ్వు అలాంటివాడివైతే నీకు సిగ్గు ఉండదు, ఊపిరి ఉంటుంది, అది మంచిదే. కానీ వేదిక మీద చివరి వరస దాకా వినపడాలని పెంచుకున్న గొంతుని ఇక్కడ తగ్గించాలి. కెమెరా నీకు జానెడు దూరంలో ఉన్న చెవి అనుకో. పక్కన కూర్చున్న తమ్ముడికి చెప్పినట్టు చెప్పు.

డైరెక్టర్ ఏమీ వివరించకుండా "అక్కడి నుంచి ఇక్కడికి నడువు" అని మాత్రమే అంటే కంగారుపడకు. సత్యజిత్ రాయ్ తీసిన బెంగాలీ సినిమా పథేర్ పాంచాలిలో అపు అనే చిన్న పిల్లవాడు రెల్లుపొదల్లో అక్కని వెతుక్కుంటూ నడిచే షాట్ ఉంది. ఆ వేషం వేసిన సుబీర్ బెనర్జీకి నటన తెలియదు. వెతుకుతున్నట్టు నడవమంటే రాలేదు. రాయ్ ఏం చేశాడంటే, రెల్లులో అటూ ఇటూ మనుషుల్ని దాచి, అనుకున్న సమయానికి ఒక్కొక్కరి చేత పిలిపించాడు, నడిచే దారిలో చిన్న చిన్న అడ్డంకులు పెట్టాడు. పిల్లవాడు అడ్డం దాటుకుంటూ, పిలుపు వచ్చిన వైపు తల తిప్పుతూ నడిచాడు. తెర మీద మనకి వెతుకులాట కనిపిస్తుంది. చాలామంది డైరెక్టర్లు నీకు ఇలాంటి చిన్న పనులే ఇస్తారు. దాని వెనక ఉన్న భావం నువ్వు మళ్ళీ ముఖంలో చూపించాలనుకోకు. చెప్పిన పని శ్రద్ధగా చెయ్యి, చాలు.

ఏడుపు గురించి విడిగా చెప్పాలి. కొందరు డైరెక్టర్లు ఏడుపు రావాలంటే చనిపోయిన మీ నాయనమ్మని తలుచుకో అంటారు. నేను ఒప్పుకోను. ఆరు టేకులు, రెండు యాంగిల్స్ అయ్యేసరికి ఆ జ్ఞాపకం పుండు అవుతుంది, రాత్రికి నిద్ర పట్టదు. గ్లిజరిన్ ఉంది, దాన్ని వాడడంలో నామోషీ లేదు. ఏడుపు ఆపుకోవాలని చూసే మనిషిని చూస్తేనే ప్రేక్షకుడికి ఏడుపొస్తుంది. కాబట్టి పెదవి బిగపట్టు, చేతిలో పని ఆపకు. దెబ్బల సంగతీ అంతే. ఇంగ్లాండులో కెన్ లోచ్ 1969లో కెస్ అనే గొప్ప సినిమా తీశాడు. కొత్తవాళ్ళతో ఎంత నిజంగా తీయవచ్చో అందులో చూసి నేర్చుకున్నాను. కానీ అందులో బడిపిల్లల అరచేతుల మీద హెడ్మాస్టర్ కొట్టే సీన్లో నిజంగానే బెత్తంతో కొట్టించారు. సినిమా ఎంత గొప్పదైనా ఆ పని నాకు మింగుడు పడదు. నిన్ను నిజంగా కొడతామంటే వద్దని చెప్పే హక్కు నీకుంది. చెప్పలేకపోతే నీతో వచ్చిన ఇంటి మనిషి చెప్పాలి.

షూటింగ్ రోజులు

మన తీరంలో సూర్యుడు సముద్రంలోంచి లేస్తాడు. మెత్తటి వెలుగు కావాలంటే తెల్లవారకముందే అక్కడ ఉండాలి. కళింగపట్నం బీచ్‌లో సీన్ ఉందంటే చీకట్లోనే లేపుతారు. ముందురోజు రాత్రి తొందరగా పడుకో, ఫోన్ ఇంటి మనిషికి ఇచ్చెయ్యి. పొద్దున ఖాళీ కడుపుతో వెళ్ళకు, చోడి అంబలి తాగో చద్దన్నం తినో వెళ్ళు. యూనిట్ టిఫిన్ వచ్చేసరికి మొదటి షాట్ అయిపోతుంది.

సెట్టులో వినపడే మాటలు ఒక వరసలో ఉంటాయి. ముందు సైలెన్స్ అంటారు. సౌండ్ వాళ్ళు, కెమెరా వాళ్ళు రోలింగ్ అంటారు. క్లాప్ కొడతారు. క్లాప్ చప్పుడుకి ఉలిక్కిపడడం కొత్తవాళ్ళందరికీ ఉంటుంది, అందుకే నేను రిహార్సల్స్‌లోనే రెండు చెక్కలు కొట్టి అలవాటు చేస్తాను. యాక్షన్ అనగానే పరుగెత్తకు. ఒక ఊపిరి తీసుకుని మొదలుపెట్టు. కట్ అని డైరెక్టర్ అనేదాకా ఆగకు. డైలాగు తప్పినా, కుక్క అడ్డం వచ్చినా, చెంబు జారిపడినా ఆ మనిషిగానే ఉండు. చెంబు పడితే తీసుకో. నేను పనిచేసిన సినిమాల్లో చివరికి ఉంచుకున్న మంచి క్షణాలు కొన్ని అలా జారిపడినవే.

నిలబడాల్సిన చోట నేల మీద టేపు అతికిస్తారు. ఇసుకలో అయితే గవ్వో రాయో పెడతారు. దాన్ని చూస్తూ నడవకూడదు. అక్కడ నిలబడి, నడక మొదలుపెట్టే చోటు దాకా వెనక్కి అడుగులు లెక్కపెట్టుకుంటూ వెళ్ళు. తిరిగి అన్నే అడుగులు వేస్తే గవ్వ దగ్గరే ఆగుతావు. ఫోకస్ చూసే అసిస్టెంట్‌తో స్నేహంగా ఉండు. నువ్వు రిహార్సల్లో లేచినంత వేగంతోనే షాట్‌లోనూ లేస్తే అతనికి పని సులువు, నీ ముఖం మసకబారదు.

లెన్సులోకి చూడొద్దని అందరూ చెబుతారు, ఎటు చూడాలో ఎవరూ చెప్పరు. అడుగు. ఎదుటి నటుడు కెమెరా పక్కన నిలబడి ఉంటే అతని ఒక కన్నే చూడు, రెండు కళ్ళ మధ్య చూపు తిరిగితే క్లోజప్‌లో కళ్ళు గిలగిలలాడినట్టు కనిపిస్తాయి. ఎదుట ఎవరూ లేకపోతే స్టాండుకి ఒక టేపు ముక్క అతికించమను. నేను ఎంతవరకు కనిపిస్తున్నాను అని కెమెరామన్‌ని అడగడం అలవాటు చేసుకో. నడుము దాకా అయితే చేతులు కనిపిస్తాయి, ముఖం వరకే అయితే రెప్ప వేసినా పెద్దగా కనిపిస్తుంది.

చుట్టూ జనం ఉంటారు. మన ఊళ్ళో షూటింగంటే తిరునాళ్ళే. భావనపాడు దగ్గర ఒక సీన్లో పిల్లవాడు ఆకలితో గట్టు మీద కూర్చోవాలి, మాటల్లేవు. టేకు బాగా వస్తుండగా వెనక నుంచి వాళ్ళమ్మ "ఆకలేత్తందేటి నానా?" అని అడిగేసింది. ఆమెకి అది సినిమా కాదు, తన కొడుకు. ఆ తర్వాత నుంచి నేను అమ్మానాన్నల్ని పిల్లలకి కనపడని, వినపడని చోట, కానీ పిలిస్తే వచ్చేంత దగ్గరలో కూర్చోబెడుతున్నాను. నీ చూపు పడే దిక్కున తెలిసినవాళ్ళు ఎవరున్నా తప్పుకోమని అసిస్టెంట్ డైరెక్టర్‌తో చెప్పించు.

మాటలు అక్కడికక్కడే రికార్డు చేసే సినిమా అయితే బట్టల లోపల చిన్న మైకు పెడతారు. గాజులు, పట్టీలు, చొక్కా గుండీలు రాసుకుంటే చప్పుడు రికార్డవుతుంది. మైకు ఆన్‌లో ఉండగా ఎవరి గురించీ చాడీలు చెప్పకు, సౌండ్ ఇంజనీర్‌కి అన్నీ వినపడతాయి. సీన్ అయ్యాక కాసేపు అందరినీ కదలకుండా నిలబెట్టి ఆ చోటు నిశ్శబ్దాన్ని కూడా రికార్డు చేస్తారు. అప్పుడు నవ్వకుండా, దగ్గకుండా నిలబడటం కూడా నీ పనిలో భాగమే.

కథని వరసగా తీయరు. ముందు చావు, తర్వాత పెళ్ళి, ఆ తర్వాత చిన్నప్పటి గొడవ తీయవచ్చు. దీనికి ఒక చిన్న నోటు పుస్తకం పెట్టుకో. ప్రతి సీన్‌కీ మూడే మాటలు రాసుకో: దీనికి ముందు నాకేమైంది, ఎక్కడి నుంచి వస్తున్నాను, ఏం కావాలని వచ్చాను. షాట్‌కి ముందు అది ఒకసారి చూసుకుంటే చాలు. అదే సీన్‌ని దూరం నుంచి, దగ్గర నుంచి మళ్ళీ మళ్ళీ తీస్తారు కాబట్టి ఏ చేత్తో గ్లాసు తీశావో, ఏ మాట దగ్గర తాగావో గుర్తుంచుకో. కంటిన్యుటీ చూసే అసిస్టెంట్ ఫోటోలు తీసుకుంటాడు, కానీ నీ ఒళ్ళు నీకే గుర్తుండాలి. బట్టలు మార్చుకునేటప్పుడు పైట ఎటు, మట్టి ఎక్కడ అంటిందో చూసుకో. రాయ్ సినిమాకే ఈ తిప్పలు తప్పలేదు. రెల్లు సీన్ ఒక ఆదివారం కొంత తీసి, మళ్ళీ ఆదివారం వెళ్ళేసరికి పశువులు ఆ రెల్లంతా మేసేశాయి. మళ్ళీ పూత కోసం మరుసటి ఏడాది దాకా ఆగాల్సి వచ్చింది. చిన్న సినిమాలో నువ్వు కూడా అలా ఆగాల్సి రావచ్చు, ఆ మధ్యలో జుట్టు కత్తిరించుకోకు.

మోనిటర్ దగ్గరికి వెళ్ళి నీ షాట్ చూసుకోవద్దని నా సలహా. కొందరు డైరెక్టర్లు చూడమంటారు, నాకది నచ్చదు. ఒకసారి నీ ముఖం చూసుకున్నాక తర్వాతి టేకులో ఆ ముఖాన్ని సరిచేసుకోవడం మీదే మనసు ఉంటుంది. టేకు బాగుందో లేదో డైరెక్టర్ ముఖం చూసి తెలుసుకో, లేకపోతే నోరు తెరిచి అడుగు. ఎన్నో టేకు అన్నది పట్టించుకోకు. పదో టేకు అంటే నువ్వు తొమ్మిదిసార్లు తప్పు చేశావని కాదు, మబ్బు వచ్చి ఉంటుంది, లారీ హారన్ కొట్టి ఉంటుంది.

ఆర్ట్ సినిమాల్లో షాట్లు పొడుగ్గా ఉంటాయి. నువ్వు గుమ్మంలో కూర్చుని ఉంటావు, రెండు నిమిషాలు కెమెరా నీ మీదే ఉంటుంది, ఏమీ జరగదు. కొత్తవాళ్ళకి ఇది అన్నిటికంటే కష్టం. ఏదో చేయాలనిపిస్తుంది, జుట్టు సర్దుకుంటారు, నిట్టూరుస్తారు. ఏమీ చేయకు. మనసులో ఒక నిజమైన పని పెట్టుకో. రేపు సంతకి ఏమేం తేవాలో లెక్క వేసుకో, లేదా దూరంగా వినపడే చప్పుళ్ళు ఒక్కొక్కటి గుర్తుపట్టు. ఆలోచిస్తున్న మనిషి ముఖాన్ని ఎంతసేపైనా చూడగలం.

షూటింగ్ అయ్యాక

చివరి రోజు కేకు కోస్తారు, ఫోటోలు దిగుతారు, మర్నాడు వ్యాన్లు వెళ్ళిపోతాయి. ఇంట్లో ఒక్కసారిగా ఖాళీ అనిపిస్తుంది. ఫోన్ చేస్తే డైరెక్టర్ ఎత్తకపోవచ్చు, ఎడిటింగులో మునిగి ఉంటాడు. ఇది అందరికీ జరిగేదే, నీ మీద ప్రేమ తగ్గి కాదు. వెంటనే కాలేజీకో పనికో వెళ్ళు. డిగ్రీ మధ్యలో మానెయ్యకు.

డబ్బింగు ఉంటే నీ గొంతే వాడమని అగ్రిమెంటులోనే అడిగి ఉండాలి. స్టూడియోలో తెర మీద నీ పెదాలు చూస్తూ చెప్పాలి, అదీ రెండు రోజుల్లో అలవాటవుతుంది. షాట్‌లో ఏ పని చేస్తూ మాట్లాడావో అదే పని చేతులతో చేస్తూ చెబితే ఊపిరి సరిపోతుంది.

ఇలాంటి సినిమాలు థియేటర్‌కి రాకముందు ఫెస్టివల్స్‌కి వెళ్తాయి. గోవా, తిరువనంతపురం, ముంబయి, బయటి దేశాలు. ఏడాది పట్టవచ్చు, రెండేళ్ళు పట్టవచ్చు. అప్పటిదాకా సీన్లు, స్టిల్స్ ఇన్‌స్టాలో పెట్టకు. పాస్‌పోర్టుకి మాత్రం ఇప్పుడే దరఖాస్తు చెయ్యి. మనకి విశాఖ ప్రాంతీయ పాస్‌పోర్టు కార్యాలయం. పిలుపు వచ్చాక పరుగెత్తితే ఒక్కోసారి అందదు. ఫెస్టివల్‌లో సినిమా అయ్యాక వేదిక మీదికి పిలిచి ప్రశ్నలు అడుగుతారు. తెలుగులోనే జవాబు చెప్పు, అనువాదానికి మనిషిని పెట్టమని ముందే అడుగు. అప్పుడు కూడా మన మాటే మాట్లాడు, తెర మీద విన్న గొంతు అదే అని వాళ్ళకి తెలుస్తుంది.

రెండో సినిమా వస్తుందో రాదో ఎవరూ చెప్పలేరు. సుబీర్ బెనర్జీ పథేర్ పాంచాలిలో అపుగా ప్రపంచమంతా తెలిసినా తర్వాత నటుడిగా కొనసాగలేదు, మామూలు ఉద్యోగం చేసుకున్నాడు. నీకు ఇంకా చేయాలని ఉంటే ఇప్పుడు నేర్చుకో. వేరే మనిషి నడక, వేరే ఊరి మాట పట్టుకోవాలంటే శిక్షణ కావాలి. ఆంధ్రా యూనివర్సిటీ థియేటర్ ఆర్ట్స్ ఉంది, పుణేలో సినిమా నేర్పే ఎఫ్‌టీఐఐ, ఢిల్లీలో నాటకం నేర్పే ఎన్ఎస్‌డీ ఉన్నాయి. అంత దూరం వద్దనుకుంటే విజయనగరంలోనో శ్రీకాకుళంలోనో నాటకం ఆడేవాళ్ళని కలుసుకో, చిన్న వేషమైనా వెయ్యి.

ఇక కాగితాలు. అగ్రిమెంటు కాపీ, డబ్బు పడిన బ్యాంకు స్టేట్‌మెంటు, పాన్ కార్డు, పిల్లల ఫిక్స్‌డ్ డిపాజిట్ రసీదు ఒకే ఫైలులో పెట్టు. నీ స్టిల్స్ నాలుగైదు, సినిమా విడుదలయ్యాక నీ సీన్లు కొన్ని ఇవ్వమని నిర్మాతని మెయిల్‌లో అడుగు, తర్వాతి అవకాశానికి అవే పనికొస్తాయి. టైటిల్స్ తయారయ్యే లోపు నీ పేరు, ఇంటిపేరుతో సహా, తెలుగులోనూ ఇంగ్లీషులోనూ ఎలా రాయాలో కాగితం మీద స్పష్టంగా రాసి అసిస్టెంట్ డైరెక్టర్‌కి వాట్సాప్ చెయ్యి. మన ఇంటిపేర్లు బయటివాళ్ళు తప్పు రాస్తారు, ఫెస్టివల్ పుస్తకంలో ఒకసారి తప్పు పడితే తర్వాత అందరూ అదే ఎత్తి రాస్తారు. నీతో వేషం వేసిన ఊరివాళ్ళందరి పేర్లూ కూడా అదే కాగితంలో రాసి పంపు.